పత్రిక మీద పేరెవరిది?

మాదాపూర్, గచ్చిబౌలి, నానక్‌రామ్‌గూడ కంపెనీల్లో ఉద్యోగాలు చేసుకుంటున్న దళిత యువకులూ, ఆ పక్కనే ఉన్న సెంట్రల్ యూనివర్సిటీ విద్యార్థులూ కొందరు ఈ మధ్య మాతో ఒక మాట అంటున్నారు. మనకంటూ ఒక వారపత్రిక ఉండాలని. వాళ్ల వాదనలో బలముంది. సైబరాబాద్ గురించి పత్రికల్లో వచ్చేది రెండే రెండు సంగతులు: ఎకరం ఎంత పలికింది, ఫ్లైఓవర్ ఎప్పుడు తెరుస్తారు. ఈ అద్దాల మేడలు తుడిచేదెవరు, రాత్రుళ్లు గేటు దగ్గర నిలబడేదెవరు, ఈ మేడల కింద ఉన్న భూమి ఇరవై ముప్పై ఏళ్ల కింద ఎవరి దున్నకంలో ఉండె, ఇవేవీ వార్తలు కావు. కాబట్టి మనమే రాసుకోవాలె అంటున్నరు. ఎన్ని పేజీలో అనుకున్నారు. నెలకు ఎంత ఖర్చో లెక్క కట్టారు. ఎవరెవరు రాస్తారో జాబితా తయారైంది. పేరు మీద తగువు కూడా మొదలైంది. తగువుంటే పని సాగుతున్నట్టే.

ఒక్క ప్రశ్న మాత్రం ఆ చర్చల్లో ఎవరి నోటా రాలేదు. పత్రిక ఎవరి ఆస్తి అవుతుంది?

ఇది గుమాస్తా వ్యవహారమని, తర్వాత చూసుకోవచ్చునని చాలామంది అనుకుంటారు. మేం అలా అనుకోవడం లేదు. తెలుగులో పత్రికల చరిత్ర రాసినవాళ్లంతా దాదాపుగా సంపాదకుల చరిత్రే రాశారు. ఫలానా వారి సంపాదకీయాలు నిప్పులు చెరిగాయి, ఫలానా వారి భాష వాడుక భాషకు దారి వేసింది, ఈ తీరుగా సాగుతుంది ఆ రచన. పత్రికకు కాగితం కొన్నదెవరు, అచ్చు యంత్రం ఎవరింట్లో ఉంది, అప్పు ఎవరిచ్చారు, పత్రిక ఆగిపోయాక ఆ పేరు ఎవరికి మిగిలింది అన్నవి ఆ చరిత్రల్లో కనిపించవు. చట్టానికి మాత్రం ఈ తేడా మొదటినుంచీ తెలుసు. సంపాదకుడు వేరు, ముద్రాపకుడు వేరు, ప్రచురణకర్త వేరు, యజమాని వేరు. 1956 నాటి పత్రికల రిజిస్ట్రేషన్ నియమాల ప్రకారం ఫిబ్రవరి ఆఖరి రోజు దాటాక వచ్చే మొదటి సంచికలో నాలుగో ఫారం అచ్చు వేయాల్సి ఉండేది. పత్రిక ఎక్కడినుంచి వెలువడుతుంది, ఎన్నాళ్లకోసారి వస్తుంది, పై నలుగురూ ఎవరు, మొత్తం పెట్టుబడిలో నూటికి ఒక వంతు మించి వాటా ఉన్నవాళ్లెవరు, అన్నీ అందులో చెప్పాల్సి ఉండేది. ఏ మూల పేజీలోనో కంటికి ఆనని అక్షరాల్లో వేస్తారు దాన్ని. సంపాదకీయం చదవకపోయినా ఫరవాలేదు గాని ఆ ఫారం చదవడం అలవాటు చేసుకోవాలని మా విద్యార్థులకు మేం చెబుతుంటాం.

తెలంగాణ పత్రికల సంగతి చూద్దాం. 1922లో రెండు వారపత్రికలు పుట్టాయి. నల్లగొండలో షబ్నవీసు వెంకట రామనరసింహారావు 'నీలగిరి' పెట్టారు. ఓరుగల్లు ప్రాంతపు ఇనుగుర్తి గ్రామంలో ఒద్దిరాజు సీతారామచంద్రరావు, రాఘవరంగారావు సోదరులు 'తెనుగు' పెట్టారు. పల్లెటూరిలో, సొంత ఇంట్లో, సొంత ప్రెస్సు పెట్టుకుని తామే రాసి తామే అచ్చు వేసి పంపిన సోదరుల శ్రమ సామాన్యమైంది కాదు. నిజాం రాజ్యంలో తెలుగు అక్షరం అచ్చు వేయడమంటే ప్రతి అడుగులో అనుమతి, అనుమానం. ఆ ధైర్యాన్ని మేం తక్కువ చేయడం లేదు. అయితే ఆ ఇల్లు ఎలాంటి ఇల్లో కూడా చూడాలి గదా. ప్రెస్సు పట్టే ఇల్లు, చదువు ముందే ఉన్న ఇల్లు, పొలం పని తాను చేయనక్కరలేని ఇల్లు. ఊళ్లో అలాంటి ఇళ్లు ఎన్ని ఉంటాయో, అవి ఏ వైపున ఉంటాయో తెలంగాణ పల్లె తెలిసినవాళ్లకు వేరే చెప్పాల్సిన పని లేదు. 1926 మే 10న సురవరం ప్రతాపరెడ్డి 'గోలకొండ పత్రిక' ప్రారంభించారు. అప్పుడది వారానికి రెండుసార్లు వచ్చేది, దినపత్రిక అయింది 1947లో. ఆయన రెడ్డి హాస్టల్ నిర్వహణలో ఉన్నవారు. హాస్టల్, గ్రంథాలయం, పత్రిక, ఈ మూడూ ఒకే చెట్టు కొమ్మలు. ఒక కులం తన పిల్లలకు పట్నంలో అన్నం, పడక, పుస్తకం, పత్రిక అమర్చుకుంది. అందులో తప్పేమీ లేదు. కాని దాని పేరు 'తెలంగాణ సాంస్కృతిక పునరుజ్జీవనం' అయింది. అదే కాలంలో అదే పట్నంలో అదే పని చేసిన మరొకరి పత్రిక మాత్రం 'హరిజనోద్ధరణ' అనే అధ్యాయంలోకి, ఒక పేరాలోకి వెళ్లిపోయింది. మా అభ్యంతరం అక్కడ.

ఆ మరొకరు మాదరి భాగయ్య, అంటే భాగ్యరెడ్డి వర్మ. 1888 మే 22న పుట్టిన మాల. 1906లో జగన్మిత్ర మండలి, 1911లో మన్య సంఘం. 1917లో బెజవాడలో పంచమ మహాసభకు అధ్యక్షత వహించి, పంచములన్న పేరు మాకొద్దు, మేం ఈ నేలకు మొదటివాళ్లం, ఆది ఆంధ్రులమని ఆ వేదికమీదే పేరు మార్పించిన మనిషి. బడుల మీద బడులు పెట్టాడు. 1933 నాటికి 26 బడులు, సుమారు 2500 మంది పిల్లలని చెబుతారు. 1931లో 'భాగ్యనగర్' పత్రిక ప్రారంభించారు. తర్వాత అదే 'ఆది హిందూ' అయింది.

ఈ క్రమం గమనించాలి. ప్రతాపరెడ్డిగారి పాఠకులు చదువుకున్నవాళ్లుగా ముందే ఉన్నారు, వాళ్లకు కావలసింది పత్రిక. భాగ్యరెడ్డి వర్మ పాఠకులు లేరు. వాళ్లను ఆయన బడుల్లో తయారు చేసుకోవాలి. ముందు బడి, ఆ తర్వాత సంఘం, జోగిని ఆచారం మీదా తాగుడు మీదా వాడవాడలా సభలు, ఆ సభలకు వచ్చే మనుషులు, అటు పిమ్మట పత్రిక. ఇరవై అయిదేళ్లు పట్టింది. పత్రికా చరిత్రకారులు 1922, 1926, 1931 అని తేదీలు వరుసగా వేసి మనది ఆలస్యంగా వచ్చిందంటారు. ఆలస్యం కాదు. పాఠకుణ్ణి తయారు చేయడానికి పట్టిన కాలాన్ని కూడా పత్రిక వయసులో కలిపి లెక్కపెట్టాలి. అలా లెక్కపెడితే అన్నిటికంటే ముందు మొదలైంది ఇదే.

పత్రిక పేర్ల మీద కూడా ఒక మాట. ఈనాడు 'భాగ్యనగర్' అంటే ఒక రాజకీయ నినాదం. హైదరాబాద్ పేరు మార్చాలనేవాళ్ల నోట్లో నలుగుతున్న మాట. 1931లో ఆ మాటను పత్రిక నుదుటిమీద రాసుకున్నది ఒక మాల అనే సంగతి ఆ నినాదకారులకు తెలిసినట్టు లేదు. అట్లాగే 'ఆది హిందూ' అన్న పేరు చూసి, ఆయన హిందూ మతంలో ఒదిగిపోయాడని మనవాళ్లే కొందరు తేల్చేస్తారు. ఆర్యులు రాకముందు ఈ నేలమీద ఉన్నవాళ్లమని చెప్పుకోవడానికి ఆయన తరం ఎంచుకున్న మాట అది. మీ తర్వాతివాళ్లం కాదు, మీకంటే ముందటివాళ్లం అని. 1930లో లక్నోలో జరిగిన అఖిల భారత ఆది హిందూ మహాసభలో రౌండ్ టేబుల్ సమావేశానికి అంబేడ్కర్ ప్రాతినిధ్యాన్ని సమర్థించిన మనిషి, 1931 జనాభా లెక్కల్లో తమను ఆది హిందువులుగా వేరుగా రాయించుకున్న ఉద్యమం, వాళ్లను హిందూత్వ ఖాతాలో ఎలా వేస్తాం?

'భాగ్యనగర్'లో వచ్చిన రచనల్లో 'వెట్టి మాదిగ' ఇప్పుడు పరిశోధకుల నోట ఎక్కువగా వినిపిస్తోంది. తెలుగులో తొలి దళిత కథల్లో దాన్ని లెక్కిస్తున్నారు. వెట్టి చేసే మాదిగ తన బతుకు తానే చెప్పుకుంటున్నట్టు సాగే రచన అది. రాసింది భాగ్యరెడ్డి వర్మ, ఆయన మాల. ఇక్కడ యాజమాన్యం ప్రశ్న కొత్త రూపంలో ఎదురవుతుంది. పత్రిక ఎవరిదో తెలిసింది, మరి ఆ 'నేను' ఎవరిది? దీనికి రెండు సులువైన జవాబులున్నాయి, రెండూ మాకు నచ్చవు. ఒకటి, అప్పట్లో ఈ తేడాలు లేవు, అందరూ ఒకటే అన్నది. ఉన్నాయి. ఆ కాలంలోనే మాదిగలకు వేరుగా అరుంధతీయ సంఘం ఉంది, నాయకుల మధ్య పడకపోవడం ఉంది. పి.ఆర్. వెంకటస్వామి 1955లో సికింద్రాబాద్ నుంచి ఇంగ్లీషులో వెలువరించిన రెండు సంపుటాల ఉద్యమ చరిత్ర చదివితే ఈ తగాదాలన్నీ పూసగుచ్చినట్టు ఉంటాయి. రెండో జవాబు, మాదిగ గొంతును మాల దొంగిలించాడన్నది. 1931లో ఊరి దొర ఇంటిముందు వెట్టి చేసే మాదిగ మనిషి చేతికి పత్రిక అందే దారే లేనప్పుడు, ఆ బతుకును 'నేను' అని రాసి అచ్చు వేయడం సాహసమే. కాని ఆ పత్రికలో మాదిగ వాటా ఎంత అన్న ప్రశ్న ఆ సాహసంతో రద్దు కాదు. 1994 జూలై 7న ఈదుముడిలో దండోరా మోగినప్పుడు అడిగింది అదే. 2024 ఆగస్టు 1న సుప్రీంకోర్టు ఉపవర్గీకరణను ఒప్పుకుంది, 2025 ఏప్రిల్ 14 నుంచి తెలంగాణలో వర్గీకరణ చట్టం అమలులోకి వచ్చింది. ఉద్యోగాల్లో వాటా తేలింది గాని పత్రికల్లో, సంఘాల్లో, మాలాంటి పరిశోధనా పత్రికల్లో తేలలేదు. కొత్త వారపత్రిక పెట్టబోయే మిత్రుల రచయితల జాబితాలో ఎవరెవరున్నారో వాళ్లే ఒకసారి చూసుకోవాలి.

అంబేడ్కర్ అనుభవం ఈ విషయంలో మనకు చాలా నేర్పుతుంది. 1920 జనవరి 31న 'మూక్‌నాయక్' మొదలైంది. కొల్హాపూర్ షాహూ మహారాజ్ ఇచ్చిన 2500 రూపాయలతో. సంపాదకుడిగా పేరు పాండురంగ్ భట్కర్‌ది. అదే ఏడు అంబేడ్కర్ చదువుకోసం లండన్ వెళ్లారు, మూడేళ్లలో పత్రిక మూతపడింది. మహారాజు డబ్బు పత్రికను పుట్టించగలిగింది, నడపలేకపోయింది. 1927 ఏప్రిల్ 3న 'బహిష్కృత్ భారత్', 1930 నవంబర్‌లో 'జనతా'. ఈసారి ఆయన చేసిన పని, సొంత అచ్చుయంత్రం ఉండాలని పట్టుబట్టడం. పత్రిక ఉండి ప్రెస్సు లేకపోతే ఎవరో ఒకరి గుమ్మంలో నిలబడాలి. 'జనతా' వారపత్రికగా పాతికేళ్లు నడిచి, 1956లో 'ప్రబుద్ధ భారత్' అయింది. మన తెలుగు పల్లెల నుంచి కూడా కూలీలు పోయిన కోలార్ బంగారు గనుల ప్రాంతంలో 1926 నుంచి 'తమిళన్'ను తిరిగి నడిపిన చరిత్ర కూడా ఇలాంటిదే. 1907లో మద్రాసులో అయోతీదాస పండితుడు ఒక పైసా ధరకు మొదలుపెట్టిన వారపత్రిక అది. ఆయన పోయాక గని పట్టణపు మనుషులు దాన్ని మళ్లీ లేపారు.

అయితే కథ అక్కడితో ఆగి ఉంటే బాగుండును. అంబేడ్కర్ ప్రెస్సు ఉన్న దాదర్‌లోని అంబేడ్కర్ భవన్ 2016 జూన్ 25 తెల్లవారుజామున నేలమట్టమైంది. కూల్చింది శివసేన కాదు, మునిసిపాలిటీ కాదు. ఆ భవనం మాదేనన్న ట్రస్టు తరఫువాళ్లు, కొత్త భవనం కడతామని. ఆ ట్రస్టు అంబేడ్కర్ పెట్టిందే. ఇటు అంబేడ్కర్ కుటుంబం, అటు ట్రస్టు, మధ్యలో వేలాదిమంది రోడ్డుమీద. ట్రస్టు పెడితే చాలు, ఆస్తి సమాజానిది అయిపోతుందనుకునే మిత్రులు ఈ సంగతి మర్చిపోకూడదు. ట్రస్టులో పాఠకుడికి ఓటు లేదు. ట్రస్టీలు తమ తర్వాతి ట్రస్టీలను తామే ఎంచుకుంటారు.

తెలుగులో కారంచేడు తర్వాతి పత్రికల గురించి మాట్లాడకుండా ఈ చర్చ సాగదు. 1985 జూలై 17న కారంచేడులో ఆరుగురు మాదిగలను చంపారు. ఆ రోజుల్లో తెలుగులో పెద్ద దినపత్రికలు రెండింటి యజమానుల కులమూ, కారంచేడు భూస్వాముల కులమూ ఒకటే. దాంతో వార్తే రాలేదని చెప్పడం మా ఉద్దేశం కాదు, వచ్చింది. రాకుండా ఆపలేనంత పెద్దది అది. మేం అనేది వేరు. వార్త వచ్చిన వారం తర్వాత, నెల తర్వాత, చీరాల శిబిరంలో మనుషులు వంటలు చేసుకుంటూ నెలల తరబడి కూర్చున్నప్పుడు, కేసు కోర్టుల చుట్టూ ఏళ్లకేళ్లు తిరిగినప్పుడు దాన్ని వదలకుండా పట్టుకునే పత్రిక ఎవరికి ఉంది? దినపత్రికకు రేపు మరో వార్త ఉంటుంది. వారపత్రిక, పక్షపత్రిక పని అక్కడ మొదలవుతుంది. 1989లో బొజ్జా తారకం సంపాదకత్వాన మొదలైన 'నలుపు' ఆ పని చేసింది. చుండూరు హత్యాకాండ 1991 ఆగస్టు 6న జరిగే నాటికి మనకొక పత్రిక ఉంది. లాయరు, కవి, ఉద్యమకారుడు అయిన సంపాదకుడు, చుట్టూ రాసే బృందం. అది 1995 దాకా నడిచింది. ఆరేళ్లే గదా అని పెదవి విరిచేవాళ్లకు మేం చెప్పేది, ఆ ఆరేళ్ల సంచికలు తీసేస్తే ఇవాళ విశ్వవిద్యాలయాల్లో దళిత అధ్యయనం పేరిట రాస్తున్న సిద్ధాంత గ్రంథాల్లో చాలావాటికి ఉటంకింపులు ఉండవు.

'నలుపు' మొదలైన 1989లోనే మరో సంగతి జరిగింది. 'ఈనాడు' జిల్లా అనుబంధాలు ప్రారంభించింది, తర్వాత మిగతావాళ్లూ అదే బాట పట్టారు. దీన్ని పత్రికారంగ విప్లవమని రాశారు. ఊరి వార్తకు అచ్చులో చోటు దొరికిన మాట నిజమే. మండలానికొక విలేఖరి వచ్చాడు. అతనికి జీతం లేదు, అచ్చయిన దానికి కొలిచి ఇచ్చే చిల్లర ఉంది, పైనుంచి ప్రకటనలు తెమ్మని ఒత్తిడి ఉంది. ఊళ్లో ప్రకటన ఇవ్వగలిగినవాడెవడు? రైసుమిల్లు, సినిమా హాలు, కాంట్రాక్టరు, కొత్తగా గెలిచిన ప్రెసిడెంటు. వాళ్లకు కోపం తెప్పించే వార్త ఆ విలేఖరి ఎట్ల రాస్తడు? పండగ శుభాకాంక్షల ప్రకటనలతో బతుకుతుండిన చిన్న చిన్న పట్టణ వారపత్రికలు ఆ దెబ్బకు పాలిపోయాయి. వాటిలో చాలావాటికి పెద్ద గౌరవమేమీ లేదు, కొన్ని బెదిరించి బతికినవే. కాని స్థానిక వారపత్రిక అనే రూపమే పోయింది. దాంతోపాటు స్థానికుడు యజమాని కాగల అవకాశం కూడా పోయింది. ఊరి వార్తకు యజమాని రాజధానిలో కూర్చున్నాడు.

ఇక పత్రికల లోపల ఎవరున్నారన్నది. 1996 నవంబర్‌లో బి.ఎన్. ఉనియాల్ ఢిల్లీలో ఒక దళిత జర్నలిస్టు కోసం వెతికి, దొరకలేదని 'పయొనీర్'లో రాశారు. 2006లో ఢిల్లీలోని 37 మీడియా సంస్థల్లో నిర్ణయాలు చేసే 315 మందిని లెక్కిస్తే దళితులు, ఆదివాసులు ఒక్కరూ లేరు. 2019లో ఆక్స్‌ఫామ్, న్యూస్‌లాండ్రీ కలిసి న్యూస్‌రూముల నాయకత్వంలో ఉన్న 121 మందిని లెక్కిస్తే 106 మంది అగ్రవర్ణాలవాళ్లు, ఎస్సీ ఎస్టీలు సున్న. ఇన్నేళ్లలో మారనిది ఆ సున్న. ఈ లెక్కలన్నీ ఉద్యోగుల లెక్కలే, యజమానుల లెక్క ఎవరూ తీయలేదు. తీయాల్సిన అవసరం ఎవరికీ కనబడలేదు కాబోలు.

ఇప్పుడు మాదాపూర్‌కు వద్దాం. 1998 నవంబర్ 22న వాజ్‌పేయి సైబర్ టవర్స్ ప్రారంభించారు. పాతికేళ్లు తిరగకముందే, 2023 ఆగస్టులో, కోకాపేటలో ఒక ఎకరం 100 కోట్ల 75 లక్షలకు వేలంలో పోయింది. ఆ మర్నాడు పత్రికలన్నీ పండగ చేసుకున్నాయి. రాయదుర్గం, ఖానామెట్, మణికొండ, పుప్పాలగూడ, వీటిని ఊళ్లు అనుకునేవాళ్లు ఇప్పుడు ఎంతమంది? ఈ చుట్టుపక్కల ఇనాం భూములు, వక్ఫు భూములు, పేదలకిచ్చిన అసైన్డ్ భూములు కోర్టు కాగితాల్లో ఇంకా బతికే ఉన్నాయి. అసైన్డ్ భూమి అమ్మకం చెల్లదని 1977 చట్టం చెబుతుంది. అమ్ముకున్న పేదవాడి దగ్గరినుంచి ప్రభుత్వం భూమి వెనక్కి తీసుకోవడానికి ఆ చట్టం బాగానే పనికొచ్చింది, అది మళ్లీ ఆ పేదవాడికి చేరడానికే పనికి రాలేదు. ఇదంతా ఏ పత్రిక రాస్తుంది? ఈ ప్రాంతంలో అపార్ట్‌మెంట్ల గేట్ల దగ్గర ఉచితంగా పడేసి పోయే కాలనీ వారపత్రికలున్నాయి. పన్నెండు పేజీల్లో ఎనిమిది పేజీలు ఫ్లాట్ల ప్రకటనలు. ఉచితంగా వచ్చే పత్రికకు పాఠకుడు సరుకే గాని కొనుగోలుదారు కాడు. అక్కడ యజమాని పేరు వెతకడానికి నాలుగో ఫారం కూడా అక్కరలేదు, వెనక అట్ట చూస్తే చాలు.

పత్రికెందుకు, చేతిలో ఫోనుంది గదా అనే మిత్రులున్నారు. వాళ్లు చెప్పే ఉదాహరణ మాకూ తెలుసు. 2016 జనవరి 17న ఇదే కారిడార్‌లో, ఇదే గచ్చిబౌలిలో, సెంట్రల్ యూనివర్సిటీలో రోహిత్ వేముల ప్రాణం తీసుకున్నాడు. అతనూ మరో నలుగురు దళిత విద్యార్థులూ హాస్టల్ నుంచి వెలి వేయబడి క్యాంపస్ మధ్య 'వెలివాడ' కట్టుకుని కూర్చున్నప్పుడు పెద్ద పత్రికలకు అది క్యాంపస్ గొడవ. దేశానికి తెలిసింది అతను పోయాకే, తెలియజేసింది చాలావరకు విద్యార్థుల ఫోన్లే. 1993లో అక్కడ అంబేడ్కర్ స్టూడెంట్స్ అసోసియేషన్ పుట్టిన నాటినుంచి రాత్రికి రాత్రి రాసి, జిరాక్స్ తీసి, మెస్సుల్లో పంచిన కరపత్రాల సంప్రదాయం ఫోన్లోకి మారింది. ఫోను బలం కాదనలేం. కాని ఫోను ఎవరిది? ఫేస్‌బుక్ దేశంలో తన తొలి ఆఫీసు తెరిచింది ఈ హైదరాబాద్‌లోనే, 2010లో. మన రాతలో ఏది ఉండాలో ఏది పోవాలో చూసే పని కాంట్రాక్టు మీద చేసే పిల్లలు ఇదే నగరంలో రాత్రి డ్యూటీలు చేస్తున్నారు. మనం పెట్టిన పోస్టు తెల్లారేసరికి లేకపోతే ఎవర్ని అడగాలి? కరపత్రాన్ని గోడమీంచి చింపినా రెండోది మన సంచిలో ఉండేది.

ఆడవాళ్ల పత్రికల అనుభవం ఈ విషయంలో మగవాళ్ల ఉద్యమ పత్రికలకంటే ముందుంది. మనవాళ్లు దాన్ని 'మహిళా పేజీ' కింద తీసేస్తారు. 2001లో చిత్తూరు జిల్లాలో 'నవోదయం' వచ్చింది. పొదుపు సంఘాల ఆడవాళ్లు, అందులో దళితులు, ఊళ్లు తిరిగి వార్తలు రాసి నడిపిన పత్రిక. పేదరిక నిర్మూలన ప్రాజెక్టు నీడలో పుట్టింది, ప్రాజెక్టు బలమూ ప్రాజెక్టు హద్దూ రెండూ దానికి ఉన్నాయి. 2002లో బుందేల్‌ఖండ్‌లో దళిత స్త్రీలు నడిపిన 'ఖబర్ లహరియా' మొదలైంది. ఢిల్లీ స్వచ్ఛంద సంస్థ చేయూతతో పుట్టి, స్థానిక వారపత్రికగా ఊరూరా అమ్మి, మెల్లగా ఆ సంస్థ గొడుగు నుంచి బయటికొచ్చి, ఇప్పుడు అచ్చు మానేసి వీడియో వార్తల్లోకి మారింది. గొడుగు పట్టినవాళ్లు గొడుగు తీయడానికి కూడా సిద్ధపడాలన్న పాఠం అక్కడుంది. మన జహీరాబాద్ దగ్గర మాచ్‌నూర్‌లో 2008 అక్టోబర్ 15న దళిత స్త్రీల సంఘం రేడియో మొదలైంది. పత్రిక కాదు గాని, స్టేషను మీట వాళ్ల చేతిలో ఉంది. ఏ విత్తనం మాట్లాడాలో, ఏ పాట రావాలో వాళ్లే తేల్చుకుంటారు.

మా మిత్రులకు మేమిచ్చే సలహా అందువల్ల చాలా పొడిగా ఉంటుంది. పత్రికల కొత్త చట్టం 2024 మార్చి 1 నుంచి అమలులో ఉంది. 1867 నాటి చట్టం పోయింది. దరఖాస్తు ఇప్పుడు ఆన్‌లైన్‌లో. కలెక్టరాఫీసు చుట్టూ డిక్లరేషన్ కోసం తిరిగే బాధ తప్పింది. దాంతోపాటే ఉగ్రవాద చర్యలోగాని చట్టవిరుద్ధ కార్యకలాపంలోగాని శిక్షపడినవాళ్లు పత్రిక తేకూడదన్న నిబంధన వచ్చింది. ఉద్యమాల్లో ఉన్నవాళ్లకు ఆ రెండో మాట అర్థం విడమర్చి చెప్పక్కరలేదు. పత్రిక ఒక్క మనిషి పేరుమీద ఉంటే ఆ మనిషి మీద కేసు పడ్డ రోజున పత్రిక కూడా బోనులో నిలబడుతుంది. పౌరుడైనా, దేశంలో రిజిస్టరైన సంస్థ అయినా యజమాని కావచ్చు. సొసైటీ పెట్టుకోవచ్చు. 1995 నాటి పరస్పర సహాయ సహకార సంఘాల చట్టం కింద సహకార సంఘం పెట్టుకోవచ్చు, మాకు అదే మేలనిపిస్తోంది. వంద రూపాయల వాటాతో గచ్చిబౌలి హౌస్‌కీపింగ్ పనిమనిషికీ లక్ష రూపాయల జీతగాడికీ ఒకే ఓటు. ఏటా ఎన్నిక, ఏటా లెక్క. నిదానంగా సాగుతుంది, గొడవలవుతాయి, చందాలు మళ్లీ మళ్లీ అడుక్కోవాలి. ఐటీ కంపెనీ అలవాట్లున్న మిత్రులకు ఇది చికాకుగా తోస్తుంది. ఒకరు పెట్టుబడి పెడితే ఆర్నెల్లలో తేల్చేయవచ్చుననిపిస్తుంది. తేల్చేయవచ్చు, ఏడో నెలలో ఆయన సంగతి చూసుకోవాలి.

వారపత్రిక అని ప్రకటించి నెలకోటి తెస్తే పాత చట్టం కింద డిక్లరేషనే చెల్లకుండా పోయేది. మూడు నెలల్లో రావాల్సిన సంచికల్లో సగం కూడా రాకపోతే అంతే సంగతి, ఏడాదికి మించి ఆగినా అంతే. చిన్న పత్రికలు ఎన్నో ఆ గండంలోనే పోయాయి. కాబట్టి వారం మాట ఇచ్చేముందు చేతిలో ఆర్నెల్ల కాగితం, ఆర్నెల్ల రాత ఉండాలి.

ఇక పేరు మీద తగువు. కొత్త పత్రికకు 'భాగ్యనగర్' అనే పెట్టాలని కొందరంటున్నారు. 'వెలివాడ' అనాలని ఇంకొందరు. ఆ పేర్లు ఇప్పుడు ఎవరి పేర రిజిస్టరై ఉన్నాయో ముందు చూసుకోవాలి. పాత 'భాగ్యనగర్', 'ఆది హిందూ', రాజమండ్రి నుంచి కుసుమ ధర్మన్న తెచ్చిన 'జయభేరి', 'నలుపు', ఇంకా మేం పేరు కూడా విననివి, వీటి సంచికలు ఒక్కచోట లేవు. కొన్ని గ్రంథాలయాల్లో, కొన్ని పరిశోధకుల ఫైళ్లలో, చాలా వరకు మన ఇళ్లలో. తాత ట్రంకు పెట్టెలో, సంఘం ఆఫీసు అటక మీద, చెదలు పట్టిన అట్టపెట్టెలో. ఉన్నవాళ్లు మాకు రాయండి. మా పిల్లలు వచ్చి మీ ఇంట్లోనే, మీ ఎదుటే, పేజీ పేజీకి ఫొటో తీసుకుని పోతారు. అసలు ప్రతి మీ దగ్గరే ఉంచుకోండి. ఎవరడిగినా ఇవ్వొద్దు, మేమడిగినా సరే.